నల్ల రాజును లేపని పాట

కరీంనగర్

ఆదిలాబాద్ వెళ్ళొచ్చానంటే ఎవరైనా మొదట అడిగేది కుంటాల జలపాతం గురించే. నేను జలపాతం చూడలేదు. మూడు రోజులు తిరిగి చూసిందల్లా ఒక గాజుల దుకాణం, ఒక గని కార్మికుల క్వార్టరు, ఒక ఘాటు రోడ్డు, ఒక పిండి గిర్నీ. ఫొటోలు నాలుగే ఉన్నాయి, అందులో రెండింట్లో నా బొటనవేలే ఎక్కువ. కాబట్టి ఇది చదివి ఎవరైనా అటువైపు బయల్దేరితే పూచీ నాది కాదు.

నేను కరీంనగర్‌లో ఒక గ్రానైట్ ఆఫీసులో బండల కొలతలు రాసే పని చేస్తాను. పొడవు, వెడల్పు, మందం, ఎక్కడైనా గీత ఉంటే గీత. ఇరవై ఏళ్ళుగా అదే పని. మనుషుల్ని కూడా నేను రెండడుగులు దూరంగా నిలబడి కొలుస్తానని మా ఆయన దెప్పుతుంటాడు. అందులో అబద్ధమేమీ లేదు. ఒక్క విషయం మాత్రం నా కొలతకు ఎప్పుడూ అందలేదు. నాకు ఎనిమిదేళ్ళప్పుడు, బెల్లంపల్లి కాలనీలో, ఒక మధ్యాహ్నం నేను నోరు తెరిచి ఒక పాట పాడాను. రాత్రి షిఫ్టు చేసి వచ్చి పడుకున్న పక్కింటి రాజలింగు పెద్దబాపు లేచి కూర్చున్నాడు. అదే రాత్రి బొగ్గుబాయిలో పైకప్పు కూలి ఆయన కుడిపాదం పోయింది. నిద్ర చాలక ఒళ్ళు మరిచాడని కాలనీలో అనుకున్నారు. నిద్ర ఎవరు చెడగొట్టారో నాకు తెలుసు.

ఆ పాట ఏ ఊరిదీ కాదు, ఏ దేవుడిదీ కాదు. మేం ముగ్గురు ఆడపిల్లలం మా ఆట కోసం కల్పించుకున్న ఒక రాజ్యంలోని పూజ పాట. ఆ ఏడాదే మా బాపుకు బదిలీ అయి మేం కాలనీ వదిలాం. పెద్దబాపు ఎప్పుడో పోయి ఉంటాడని నాకు నేనే చెప్పుకుని బతికాను. మొన్న మంచిర్యాల నుంచి, ఆ ముగ్గురిలో ఒకతైన రజియా ఫోన్ చేసి, ఆయన ఆదిలాబాద్‌లో కూతురి దగ్గర ఉన్నాడని, ఎనభై దాటాయని, చెవులు పోతున్నాయని చెప్పింది. చెవులు పోతున్నాయన్న మాట నన్ను కుర్చీలోంచి లేపింది. తప్పు ఒప్పుకోవాలంటే అవతలి మనిషికి వినపడాలి కదా. మూడు రోజులు సెలవు పెట్టాను.

బస్సు ఎక్కాక ఆధార్ కార్డు ఇంట్లో మరిచిపోయినట్టు తెలిసింది. ఆడవాళ్ళకు టికెట్ లేదు కానీ కార్డు చూపాలి. కండక్టరమ్మ నా మొహం తేరిపారా చూసి, "మొఖం చూస్తె మన ఆడమనిషే అని తెలుస్తనే ఉన్నది అక్కా. గని గీ మిషన్ల మొఖానికి జాగ లేదు" అంది. నూటా యాభై దాకా వదిలింది. బస్సు మొత్తంలో టికెట్ కొన్న ఆడమనిషిని నేనొక్కదాన్నే. మగవాళ్ళు నన్ను తమ జాతిలో కలిపేసుకున్నట్టు చూశారు.

మంచిర్యాల

గోదావరి వంతెన మీదికి రాగానే బస్సులో సగం మంది కిటికీల వైపు ఒరిగి రూపాయి బిళ్ళలు విసిరారు. నా పక్కావిడ విసిరింది కిటికీ ఊచకు తగిలి తిరిగొచ్చి నా ఒళ్ళో పడింది. నదికి ఇచ్చింది వెనక్కి తీసుకోకూడదని ఆమె, నాది కాదని నేను. చివరికి కండక్టరమ్మ తీసుకుని విసిరింది.

రజియాది మార్కెట్ వీధిలో గాజుల దుకాణం. పెళ్ళి చేసుకుని వచ్చిన నాటి నుంచి అక్కడే కూర్చుంది. కళ్ళజోడు వచ్చింది, జుట్టు నెరిసింది, నోరు మాత్రం తగ్గలేదు. డజను ఎనభై అని బోర్డు పెట్టి అరవైకి ఇస్తోంది. మా కరీంనగర్‌లో అరవై అని రాసి అరవైకే ఇస్తారు, బేరం ఆడనివ్వరు. రజియా లెక్కలో అది మర్యాద కాదు. వచ్చిన మనిషికి తగ్గించిన సంతోషం కూడా ఇవ్వాలట. మాట్లాడుతూనే నా చెయ్యి లాగి గాజులు ఎక్కించింది. రెండు పగిలాయి. నా చేతులు బండల్లాగే ఉన్నాయని తేల్చింది.

మధ్యాహ్నం వాళ్ళింట్లో బగారా అన్నం, ఖట్టీ దాల్, తలకాయ కూర. మా వైపు బగారా అంటే ఏదో ఒక ఫంక్షన్ ఉన్నట్టు. ఇక్కడ ఉత్త బుధవారం నాడే వండారు. తిన్నాక కూర్చుని మా రాజ్యం గురించి మాట్లాడుకున్నాం. తెలియనివాళ్ళ కోసం అది కొంచెం చెప్పాలి.

మా క్వార్టర్ల వరుసలో రాత్రి షిఫ్టు మనిషి పగలు పడుకుంటే ఆ ఇంటి గొళ్ళేనికి ఎర్ర రుమాలు కట్టేవాళ్ళు. రుమాలు కనపడితే కూరగాయలమ్మ కేక ఆపేది, పోస్టుమాన్ సైకిల్ బెల్లు ఆపేవాడు. పిల్లలు అరిస్తే వీపు చిట్లేది. నిద్ర లేని మనిషి బాయిలో దిగితే ఏమవుతుందో ఆ వరుసలో అందరికీ తెలుసు. ఎప్పుడు చూసినా ఏదో ఒక గొళ్ళేనికి రుమాలు ఉండేది కాబట్టి, మేం పెదవులతోనే మాట్లాడుకోవడం నేర్చుకున్నాం. గొంతు లేకుండా, ఉత్త పెదవులు.

దాంట్లోంచే రాజ్యం పుట్టింది. పుట్టించింది రాజలింగు పెద్దబాపు కూతురు నర్సక్క. మాకంటే నాలుగేళ్ళు పెద్ద. రాజ్యం పేరు అడుగూరు. బొగ్గుకు ఏడు పొరల కింద ఉంటుంది. అక్కడ నల్ల రాజు పడుకుని ఉంటాడు. భూమిలో ఉన్న బొగ్గంతా ఆయన కప్పుకున్న బొంత. మా బాపులు రోజూ దిగి ఆ బొంతలోంచి ఒక్కో పోగు లాక్కొస్తారు. రాజుకు మెలకువ వచ్చి పక్కకు మర్లితే కప్పు కూలుతుంది. అందుకే అడుగూరులో ఎవరూ గొంతు విప్పరు. షిఫ్టు సైరన్ మోగే ముందు పూజారి, వజీరు, ప్రజలు కలిసి పెదవులతో పాట పాడి రాజు అనుమతి అడగాలి. నర్సక్క పూజారి, రజియా వజీరు. ప్రజలు మొత్తం నేనొక్కదాన్నే.

పాట ఆరు ముక్కలు. మొదటి నాలుగు ఇవి:

నల్ల రాజా నల్ల రాజా, నిద్దురల ఉండు
నీ బొంతల ఒక్క పోగు తీస్కుంటం, ఊకుండు
పొయ్యి మీద ఎసరున్నది, పొద్దు గూకుతున్నది
పక్కకు మర్లకు రాజా, కప్పు కదులుతున్నది

ఈ నాలుగూ తీసుకోవడానికి. ఆఖరి రెండూ తిరిగి అడగడానికి:

దిగినోళ్ళు ఎందరో నీకు ఎరుకే గద రాజా
అందర్ని మీదికి తోలు, మా బాపుల తోలు

మొదలుపెట్టినవాళ్ళు ఆరూ ముగించాల్సిందే. నాలుగు పాడి ఆపితే పోగు తీసుకుని మనుషుల్ని అక్కడే వదిలేసినట్టు. ఇది పూజారి చేసిన చట్టం.

తిరిగి దుకాణానికి వచ్చాక ఎవరూ లేని సమయం చూసి నేను రజియాకు పాట వినిపించాను. ఇంత వయసొచ్చాక సిగ్గుపడటం అనవసరం. రెండో ముక్క కాకముందే ఆమె చెయ్యి అడ్డం పెట్టింది.

"గట్ల కాదు విమలా. నువ్వు మొదటి నుంచి గలత్ పాడుతున్నవ్."

అని తను పాడింది. మాటలు అవే. రాగం మాత్రం పూర్తిగా వేరు. పండుగ రోజుల్లో వాళ్ళ నానీ పాడుకునే పాటల నడక అందులో ఉంది. నాది చూసుకుంటే మా అవ్వ బియ్యం చెరుగుతూ తీసే కూనిరాగం. ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. మూడేళ్ళు పక్కపక్కన కూర్చుని ఒకే పాట పాడామనుకున్నాం. గొంతు ఎన్నడూ విప్పలేదు కాబట్టి ఎవరి తలకాయలో ఎవరి రాగం ఉందో ఎవరికీ తెలియలేదు. రజియా నవ్వీ నవ్వీ కళ్ళజోడు తీసి తుడుచుకుంది. నాకు అంత నవ్వు రాలేదు. ఆ రోజు బయటికి వినపడిన రాగం నాది ఒక్కదానిదే అని అప్పుడు అర్థమైంది.

ఆదిలాబాద్‌కు తోడు రమ్మంటే రానంది. పిల్లల ఆటను పట్టుకుని ఇన్నేళ్ళు ఏడుస్తారా, ఫికర్ చెయ్యకు అని తిట్టింది. ఆ వెంటనే, నేను ఇంకేదో అడిగితే దానికి జవాబుగా, నమాజ్‌లో రాజలింగు చాచా కోసం దువా చెయ్యని రోజు లేదని చెప్పింది. ఆ రెండు మాటలూ ఎలా కలుస్తాయో రజియాకే తెలియాలి.

బెల్లంపల్లి

మంచిర్యాల నుంచి బెల్లంపల్లికి రైల్లో ఎంతో సేపు పట్టదు. దిగి స్టేషన్ బయట చాయ్ తాగాను, పది రూపాయలు. మిర్చి బజ్జీలు ముప్పైకి నాలుగు. మా దగ్గర బజ్జీలో వాము పెడతారు, ఇక్కడ చింతపండు. కాలనీ వైపు నడుస్తుంటే చెప్పు తెగింది. కుట్టే మనిషి తన తండ్రి బాయి బూట్లు కుట్టేవాడని, ఇప్పుడు బాయిలు మూతపడి బూట్లు తగ్గాయని, స్కూలు బ్యాగులు కుడుతున్నానని చెప్పాడు. బాధ పడుతూ చెప్పలేదు. బ్యాగులకు కంపు ఉండదని సంతోషించాడు.

మా వరుసలో సగం ఇళ్ళు లేవు. గోడలు తీసేసిన చోట తుమ్మ మొలిచింది. మా ఇల్లు పోయింది, పెద్దబాపు వాళ్ళ ఇల్లు ఉంది. అందులో స్వప్న అనే అమ్మాయి ఉంటోంది. భర్తకు ఓపెన్‌కాస్టు గనిలో డంపర్ నడిపే పని, ఆ వారం రాత్రి షిఫ్టే. గొళ్ళెం వైపు చూశాను, రుమాలు లేదు. లోపల కూలర్ మోత వీధి దాకా వస్తోంది. భర్త పడుకున్నాడేమో, తర్వాత వస్తానంటే, ఆ మోతలో బాంబు పడ్డా లేవడని లోపలికి పిలిచింది. పిల్లలు అల్లరి చెయ్యరా అని అడిగాను. ఫోన్లు వచ్చాక పిల్లలను పలికించడమే కష్టంగా ఉందట. మేం దెబ్బలు తిని నేర్చుకున్న చప్పుడు లేని బతుకు ఈ పిల్లలకు ఊరికే వచ్చింది.

ఆ ఇంటి అరుగు మీద కాసేపు కూర్చున్నాను. సంగతి జరిగింది అక్కడే. మే నెల మధ్యాహ్నం, గొళ్ళేనికి రుమాలు ఉంది. గాలిదుమారం లేచి వాన అందుకుంది. రేకుల మీద వాన పడితే పక్క మనిషి అరిచినా వినపడదు. ఆ పాటను గొంతుతో పాడితే ఎలా ఉంటుందోనని నాకు ఎన్నాళ్ళ నుంచో ఉంది. ఈ మోతలో ఎవరికి వినపడుతుంది అనుకుని మొదలుపెట్టాను. మూడో ముక్కలో ఉండగా వాన టక్కున ఆగింది. ఎండాకాలపు వాన చెప్పి రాదు, చెప్పి పోదు. నా గొంతు మాత్రం ఆగలేదు. నాలుగో ముక్క మొత్తం ఆ నిశ్శబ్దంలో వీధి చివరిదాకా వినపడేలా పాడాను. నర్సక్క ఉరికొచ్చి అరచేత్తో నా నోరు మూసింది. తలుపు తెరుచుకుంది. పెద్దబాపు బయటికి వచ్చి మమ్మల్ని చూశాడు. కుండలో నీళ్ళు తాగి అరుగు మీదే కూర్చున్నాడు, మళ్ళీ పడుకోలేదు.

ఇంకో విషయం కూడా చెప్పాలి. మా బాపు బాయి మీద స్టోర్‌లో పని చేసేవాడు, కిందికి దిగేవాడే కాదు. పాట తప్పితే పోయేది మా ఇంటి మనిషి కాదు. ఎనిమిదేళ్ళ పిల్లకు కూడా ఆ తేడా తెలుసని నేను అనుకుంటాను.

స్వప్న చాయ్ ఇచ్చింది. ఎవరైనా బంధువులు ఉండేవారా ఈ ఇంట్లో అని అడిగితే, అవునన్నాను.

ఘాటు మీద

ఆసిఫాబాద్ నుంచి కెరమెరి ఘాటు మీదుగా ఆదిలాబాద్ బస్సు. ఈసారి కూడా టికెట్ కొన్నాను, అలవాటైపోయింది. దారంతా పత్తి ఏరుతున్నారు. మలుపులు మొదలైన పావుగంటకే నా కడుపు తిరిగింది. పక్కన కూర్చున్న పెద్దావిడ అడక్కుండానే కొంగుముడి విప్పి నిమ్మకాయ చేతిలో పెట్టి, వాసన చూస్తూ దూరంగా ఉన్న గుట్టనే చూడమంది. రోడ్డు చూడొద్దంది. పనిచేసింది.

ఆమె తెలుగూ మరాఠీ కలిపి మాట్లాడుతుంది, నాకు మూడు మాటల్లో రెండు అర్థమయ్యాయి. మా దగ్గర బస్సులో పక్క మనిషిని మొదట కులం కనుక్కునేలా ఊరి పేరు అడుగుతారు. ఈమె మొదట అడిగింది, ఎందుకు పోతున్నావని. అబద్ధం చెప్పే ఓపిక లేక, ఒక మనిషిని మాఫీ అడగడానికని చెప్పాను. ఆమెకు అందులో వింతేమీ కనపడలేదు. మాఫీకి పోతే ఉత్త చేతులతో పోకూడదని, అలాగని ఖరీదైనవీ కొనకూడదని, ఖరీదైనవి ఇస్తే అవతలివాళ్ళు కాదనలేక ఇరుకున పడతారని వివరించింది. బస్సు ఆగిన చోట తానే దిగి బేరమాడి వంద రూపాయలకు ఒక గంప సీతాఫలాలు ఇప్పించింది. ఉట్నూరులో దిగిపోయింది. పేరు అడగడం మరిచాను. గంప ఒళ్ళో పెట్టుకుని మిగతా దారి కూర్చున్నాను. పండినవి నాలుగు నలిగి చీర పాడైంది.

ఆదిలాబాద్

నర్సక్క ఇల్లు కనుక్కోవడం కష్టం కాలేదు. పిండి గిర్నీ అంటే ఆటో మనిషే తీసుకొచ్చి దింపాడు. ముందు గదిలో గిర్నీ, వెనక ఇల్లు. బెల్టు తిరుగుతోంది, గోడలు అదురుతున్నాయి. జొన్నల డబ్బాలు వరసగా పెట్టుకుని ఆడవాళ్ళు నిలబడ్డారు. నడుమ నర్సక్క, కనుబొమ్మల దాకా తెల్లటి పిండి. నన్ను చూసింది. నలభై ఏళ్ళు దాటినా ఇద్దరికీ గుర్తుపట్టడానికి క్షణం చాలు. ఆమె నవ్వలేదు. గొంతు లేకుండా, పెదవులతో, "కూసో" అంది.

ఆ మోతలో మాట వినపడదు కాబట్టి గిరాకీలతో కూడా ఆమె అలాగే మాట్లాడుతోంది. వాళ్ళకూ అలవాటైంది. చప్పుడు నిషేధించిన రాజ్యపు పూజారి బతుకంతా గిర్నీ మోతలో గడిచింది.

జొన్నలు కిలో పట్టడానికి ఏడు రూపాయలు. గిరాకీ తగ్గాక గిర్నీ బంద్ చేసి నన్ను వంటింట్లోకి తీసుకెళ్ళింది. పెద్దబాపు పెరట్లో ఎండకు పడుకున్నాడని, లేచాక చూద్దువని చెప్పింది. చెవులు ఎంతవరకు వినపడతాయని అడిగాను. ఏడాదిగా పూర్తిగా లేవంది. నేను వచ్చిన పని ఇక జరగదని అనిపించింది. బస్సు ఎన్నింటికి ఉందని అడగబోయి ఆగాను.

ఆమె జొన్న రొట్టెలు తట్టడం మొదలుపెట్టింది. మా దగ్గర పీట మీద తడతారు, ఇక్కడ అరచేతుల మధ్యే తిప్పుతూ పెద్దది చేస్తారు. పక్కన శనగపిండితో చేసిన పిట్ల. నేను ఎందుకు వచ్చానో చెప్పాను. వాన, పాట, నా గొంతు, పెద్దబాపు నిద్ర. ఎన్నిసార్లో మనసులో చెప్పుకున్నది కాబట్టి తడబడలేదు. ఆమె రొట్టె పెనం మీద వేసి, నీళ్ళ చెయ్యి దాని మీద రాసి, అప్పుడు అంది:

"నువ్వు పాడినందుకు కాదే. నడుమల నీ నోరు మూసింది నేను. మీదికి తోలుమని అడగకుంట చేసిందాన్ని నేను."

అంటే ఆమె లెక్క వేరు. నేను లేపానని నేను. తాను ఆపానని తను. ఇంకో రెండు ముక్కలు పాడనిచ్చి ఉంటే బాపు కాలు ఉండేదని ఆమె పన్నెండేళ్ళ వయసు నుంచి నమ్ముతూ వచ్చింది. పెద్దయ్యాక అది పిల్లల ఆట అని తెలుసు, తెలిసినా లాభం లేకపోయిందట. నన్ను ఎప్పుడూ వెతకకపోవడానికి కారణం కూడా అదేనంది. నా మొహం చూస్తే తన చెయ్యే యాదికొస్తుందట.

నిజం చెప్పాలంటే నాకు మొదట కోపం వచ్చింది. ఇన్నేళ్ళు నాది అనుకుని మోసిన తప్పును ఇంకొకరు అంతే గట్టిగా పట్టుకుని కూర్చున్నారు. ఆ తర్వాత ఆమె మీద జాలి వేసింది. నేను ఊరు వదిలి పోయాను. ఆమె రోజూ పొద్దున లేచి ఆ కాలు చూసింది.

పెద్దబాపు లేచాడు. చెక్కపాదం విప్పి మంచం కోడుకు ఆనించి ఉంది. మనిషి ఎండిపోయాడు కానీ కళ్ళు చురుకు. నర్సక్క ఎదురుగా కూర్చుని పెదవులతో చెప్పింది, ఈమె విమల, పక్క క్వార్టర్ విమల. ఆయన ఆమె పెదవుల నుంచి కళ్ళు కదపకుండా చదువుకున్నాడు. కాలనీలో ఆయన ముందు మేం ఎంతగా పెదవులతో మాట్లాడుకున్నా ఆయనకు అప్పట్లో ఒక్క మాటా అర్థమయ్యేది కాదు.

నేను ఆయన ముందు కూర్చున్నాను. గొంతు పనికిరాదు కాబట్టి పెదవులతో చెప్పాను. నెమ్మదిగా, ఒక్కో మాట. ఆ దినం పాడింది నేను. నిన్ను లేపింది నేను. మాఫ్ చెయ్యి.

ఆయన జవాబు మాత్రం వీధి అంతా వినపడింది. చెవులు లేనివాళ్ళకు తమ గొంతు ఎంతో తెలియదు.

"లేపుడేంది బిడ్డా. రేకులకెల్లి నీళ్ళు మంచం మీద కారుతుంటె నిద్రేడిది? నేను ఎప్పుడో లేచిన. తలుపు ఎన్కనే పండుకొని, వానల గూడ మీ పాటే ఇంటున్న."

తర్వాత, పాట పాడింది నువ్వేనా అని మళ్ళీ అడిగాడు. తలూపాను. ఆయన కళ్ళు మూసుకుని నాలుగు ముక్కలు తీశాడు. తన గొంతు తనకే వినపడదు, సగం స్వరాలు పక్కకు పోతున్నాయి. అయినా అది నా రాగమే. రజియాది కాదు, బియ్యం చెరిగే మా అవ్వది. భూమ్మీద ఆ రాగం ఇంకొకరి దగ్గర ఉంటుందని నేను అనుకోలేదు. నాకు ఏడుపొచ్చింది, ఆపుకోలేదు.

ఆయన ఏడుపు సంగతి పట్టించుకోలేదు. చెప్పాల్సింది ఉందన్నట్టు చెయ్యెత్తాడు.

"బాయిల మేం పాట పాడం. కప్పు పడేముందు దాని కింద నిలబెట్టిన టింబర్ కటకటమంటది. గది ఇనాలె. నోరు మూస్కొని, చెవులు తెర్సుకొని పని జెయ్యాలె. గా దినం మాత్రం నీ పాట నోట్లెకెల్లి పోలే. తట్ట నింపుకుంట నాలుగు ముక్కలు పాడిన. ఐదోది రాలే. ఎట్లస్తది, నేను ఇంటె గద? గదేందో అని సోచాయించుకుంట, పార ఆపి నిలబడ్డ. అంత నిమ్మలం. గప్పుడు ఇనొచ్చింది, కటకట. ఎన్కకు దుంకిన. కాలొక్కటే ముంగట మిగిలింది."

నర్సక్క చేతిలో పిండి అలాగే ఉంది. ఆయన మా ఇద్దరినీ చూసి, అర్థం కాలేదేమోనని ఇంకోసారి చెప్పాడు.

"మొత్తం పాట ఇని ఉంటె మొత్తం పాడుకుంట గాడనే ఉందును. నడుమల ఆగింది గన్క ఆగిన."

ఇన్నేళ్ళు ఎందుకు చెప్పలేదని నర్సక్క పెదవులతో అడిగింది. అడిగేటప్పుడు పెదవులు సరిగా కుదరలేదు, రెండుసార్లు అడగాల్సి వచ్చింది. బాయిలో పాట పాడానని అప్పట్లో చెబితే నౌకరికి పరేషాన్ అయ్యేదని, తర్వాత ఎవరూ అడగలేదని ఆయన అన్నాడు. ఇంట్లో ఇంత బరువు తిరుగుతోందని ఆయనకు తెలియనే తెలియదు. కాలు పోయిన మనిషి తన కాలు గురించి మనశ్శాంతిగా ఉన్నాడు. కాళ్ళున్న మేమిద్దరమే కుంటుతూ బతికాం.

"ఇంతకు ఐదో ముక్క ఏందుండె?" అని అడిగాడు.

నేను నర్సక్క వైపు చూశాను. పూజారి ఆమె. ఆమె పిండి చేతులు ఒళ్ళో పెట్టుకుని, చిన్నప్పటిలాగే నిటారుగా కూర్చుని, గొంతు లేకుండా రెండు ముక్కలూ చెప్పింది. దిగినోళ్ళు ఎందరో నీకు ఎరుకే గద రాజా. అందర్ని మీదికి తోలు, మా బాపుల తోలు. ఆయన ఆమె పెదవులు చూస్తూ తనూ మెల్లగా పెదవులు కదిపాడు.

"గది అడగకముందే నేను మీదికచ్చిన గదనే" అన్నాడు.

వంటింట్లో రొట్టె మాడుతున్న వాసన వచ్చింది. ఎవరూ లేవలేదు. నర్సక్క తండ్రి కాలి మీద తల ఆనించి ఏడ్చింది, చప్పుడుతో, పెద్దగా. ఆయనకు వినపడలేదు కాబట్టి ఏమైందని నన్ను అడిగాడు. ఏం లేదని పెదవులతో చెప్పాను.

బయట గిర్నీ దగ్గర ఎవరో డబ్బా కింద పెట్టిన చప్పుడైంది. మిషన్ ఎందుకు బంద్ పెట్టావక్కా అని ఒకావిడ కేకేసింది. నర్సక్క తల ఎత్తి, కొంగుతో ముక్కు తుడుచుకుని, "మా చెల్లె అచ్చింది. ఓ గంటాగి రా" అని లోపల్నుంచే గట్టిగా చెప్పింది.